తామారును ఊరకుండమన్నది ఎవరు? సంఘ కాపరులకు ఒక బహిరంగ లేఖ

తెలుగు సంఘాల కాపరులకు, సంఘ పెద్దలకు, స్త్రీల సమాజాలు నడిపించే అమ్మగార్లకు,

ప్రభువు నామంలో వందనాలు.

నేను గుంటూరు జిల్లాలో ఒక పల్లె సంఘంలో పుట్టి పెరిగినదాన్ని. 27 ఏళ్లుగా సండే స్కూల్లో పాఠాలు చెబుతున్నాను. ఈ ఏడాది మా పిల్లలకు బైబిల్ మొత్తం చదివే పట్టిక ఇచ్చాం, రోజుకు మూడు నాలుగు అధ్యాయాలు. తొమ్మిదో తరగతి చదివే ఒకమ్మాయి ఒక్కరోజు కూడా వదలకుండా చదువుతోంది. ఒక ఆదివారం అందరూ వెళ్లాక ఆగి, "టీచర్, సమూయేలు రెండో గ్రంథంలో తామారు అని ఉంది కదా, ఆ అమ్మాయి గురించి మనకెప్పుడూ చెప్పలేదేం?" అని అడిగింది. నేను కంగారుపడి, "అది పెద్దవాళ్లు చదివేదిలేమ్మా, నువ్వు కీర్తనలు చదువుకో" అన్నాను. సరే టీచర్ అని వెళ్లిపోయింది.

ఆ రాత్రి ఇంట్లో పని అయ్యాక 13వ అధ్యాయం తీసి మళ్లీ చదివాను. దావీదు రాజు కూతురు తామారును సవతి అన్న చెరిచిన కథ అది. ఆ తర్వాత తామారుకు సొంత అన్న అబ్షాలోము చెప్పిన మాట దగ్గర ఆగిపోయాను. "నా చెల్లీ నీవు ఊరకుండుము." పొద్దున ఆ పిల్లతో నేనన్నదీ అదే. మర్నాడే వాళ్లింటికి వెళ్లి, ఏమైనా ఇబ్బంది ఉందా తల్లీ అని పక్కకు పిలిచి అడిగాను. ఏమీ లేదు, ఊరికే చదివి అడిగానంది, దేవునికి స్తోత్రం. కానీ ఏదైనా ఉండి, నాతో చెప్పుకుందామని ఆ కథ అడ్డం పెట్టుకుని వచ్చి ఉంటే, నా జవాబుతో ఆ పిల్ల నోరు జన్మలో తెరిచేది కాదు. ఆ భయమే ఈ ఉత్తరం రాయిస్తోంది. నా తప్పు ఒప్పుకుని రాస్తున్నాను కాబట్టి మీ తప్పు కూడా చెబుతాను, వినండి.

మీలో ఎంతమంది ఈ అధ్యాయం మీద ఆదివారం ఆరాధనలో ప్రసంగం చేశారు? నా వయసు 54. పుట్టినప్పటినుంచీ గుడికి వెళ్తున్నాను, ఉజ్జీవ సభలకు వెళ్లాను, స్త్రీల కూడికలకు వెళ్లాను, ఒక్కసారి కూడా వినలేదు. దావీదు గొల్యాతును కొట్టడం ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. దావీదు, బత్షెబ కూడా అప్పుడప్పుడూ విన్నాను, అదీ ఎక్కువగా ఆవిడ అక్కడ స్నానం ఎందుకు చేయాలి అనే ధోరణిలోనే. ఆ దావీదు సొంత ఇంట్లో కూతురికి జరిగింది మాత్రం ఎవరూ ముట్టుకోరు.

ముట్టుకోరు కాబట్టి నేనే చెబుతాను. దావీదు కొడుకు అమ్నోను, అంటే తామారుకు సవతి అన్న, ఆమె మీద కన్నేసి రోగం వచ్చినట్టు పడుకున్నాడు. ఆ ఉపాయం చెప్పింది చుట్టమే, పెదనాన్న కొడుకు యెహోనాదాబు. చెల్లెలొచ్చి నా కళ్లముందు వంట చేసి పెట్టాలి అని తండ్రిని అడిగితే, తండ్రే కబురు పంపించి తామారును ఆ ఇంటికి పంపాడు. అంటే ఆ పిల్ల అక్కడికి వెళ్లింది తండ్రి మాట మీద. పట్టుకున్నప్పుడు ఆమె ఊరుకోలేదు. వద్దు అన్నా అంది, మన జనంలో ఇలాంటి పని జరగకూడదు అంది, నేను ఈ అవమానం ఎక్కడ దాచుకోను అని అడిగింది. అతను వినలేదు, బలవంతం చేశాడు. ఆ తర్వాత ప్రేమించినదానికంటే ఎక్కువగా ద్వేషించి, పనివాణ్ని పిలిచి ఆమెను బయటికి నెట్టించి తలుపు గడియ వేయించాడు. ఆమె తలమీద బూడిద పోసుకుంది, రాజు కూతుళ్లు కట్టుకునే రంగురంగుల బట్ట చింపుకుంది, తలమీద చెయ్యి పెట్టుకుని ఏడుస్తూ దారెంట పోయింది. లోపల జరిగినదాన్ని ఆమె దాచలేదు, గమనించండి. అందరూ చూసేలా ఏడుస్తూ నడిచింది.

అప్పుడు వచ్చింది అబ్షాలోము మాట. ఊరకుండుము, అతడు నీ అన్నే గదా, చింతపడవద్దు. ఎంత ప్రేమగా చెప్పాడో చూడండి, నా చెల్లీ అని. మన ఇళ్లలో కూడా ఈ మాట తిట్టినట్టు చెప్పరు, ఒళ్లో పెట్టుకుని తల నిమురుతూనే చెబుతారు. మరి రాజు ఏం చేశాడు? సంగతి విని "బహురౌద్రము తెచ్చుకొనెను" అని ఉంది. అంతే. కొడుకును పిలిచి అడిగాడని లేదు, కూతురి దగ్గరికి వెళ్లాడని లేదు. దేశానికంతా తీర్పు చెప్పే మనిషి సొంత కూతురికి తీర్పు చెప్పలేదు. కోపం వచ్చింది, పోయింది.

ఆ ఊరకుండటం ఎక్కడికి పోయిందో కూడా రాసే ఉంది. అబ్షాలోము రెండేళ్లు అమ్నోనుతో మంచీ మాట్లాడలేదు చెడూ మాట్లాడలేదు. రెండేళ్ల తర్వాత గొర్రెల బొచ్చు కత్తిరించే పండుగకు పిలిచి చంపించాడు. మూడేళ్లు గెషూరులో దాక్కున్నాడు. తిరిగి వచ్చాక రెండేళ్లు యెరూషలేములోనే ఉన్నా తండ్రి ముఖం చూడలేదు, అంటే ఒకే ఊళ్లో ఉండి తండ్రీకొడుకులు మాట్లాడుకోలేదు. ఆ తర్వాత తండ్రి మీద తిరుగుబాటు, యుద్ధం. ఎఫ్రాయిము అడవిలో ఒక్కరోజే 20,000 మంది చచ్చిపోయారు. చివరికి అబ్షాలోము కూడా చనిపోయాడని విని దావీదు గుమ్మం పైన ఉన్న గదికెక్కి నా కుమారుడా అబ్షాలోమా అని ఏడ్చాడు. మీరు ప్రసంగాల్లో ఆ ఏడుపును తండ్రి ప్రేమకు గుర్తుగా చెబుతారు. నాకు మాత్రం ఆ ఏడుపు వింటుంటే, ఇందులో నాలుగోవంతు ఆ కూతురి కోసం ఏడ్చి ఉంటే ఇంత దూరం వచ్చేదా అనిపిస్తుంది. ఆ తర్వాత తామారు ఏమైందో ఎక్కడా రాయలేదు. ఒక్కచోట మాత్రం, అబ్షాలోము తన కూతురికి తామారు అని పేరు పెట్టుకున్నాడని ఉంది. చెల్లెల్ని నోరు మూయించినవాడు ఆ పేరు రోజూ ఇంట్లో పిలుచుకున్నాడు. అది చదివినప్పుడు నాకు కళ్లనీళ్లు తిరుగుతాయి.

అయ్యగారూ, మన సంఘాల్లో ఇంటి గొడవ ఏదైనా ముందు మీ దగ్గరికే వస్తుంది. పోలీస్ స్టేషన్‌కు పోవడం మనవాళ్లకు చిన్నతనం, కోర్టుకు పోవడానికి డబ్బుండదు. రాత్రి పదింటికి మీ ఇంటి తలుపు కొడతారు. మీరు తీస్తారు, అమ్మగారు టీ పెడతారు, ప్రార్థన చేస్తారు, నూనె రాస్తారు. ఆ కష్టం చిన్నదని నేననను, జీతం సరిగా అందకపోయినా ఆ పని చేస్తున్న కాపరులు నాకు తెలుసు. కానీ ప్రార్థన అయ్యాక మీ నోటినుంచి వచ్చే మాట నూటికి తొంభైసార్లు ఊరకుండుము అన్న మాటే. కాస్త అడ్జస్ట్ అవ్వమ్మా. ఆయన మారతాడు, నువ్వు ప్రార్థన వదలకు. బయట చెప్పకు, అన్యుల ముందు దేవుని నామానికి అవమానం.

మొగుడు తాగొచ్చి కొడితే వచ్చిన ఆడమనిషికి "దేవుడు జతపరచినవారిని మనుష్యుడు వేరుపరచకూడదు" అని చదివి పంపిస్తారు. ఆ మాట ప్రభువు ఎవరికి చెప్పాడు? ఏ కారణం చేతనైనా భార్యను వదిలెయ్యొచ్చా అని అడగడానికి వచ్చిన మగవాళ్లకు చెప్పాడు. మగవాళ్ల చేతిలో ఆడది రోడ్డున పడకుండా చెప్పిన మాటను ఆడదాన్ని దెబ్బలు తినే ఇంటికి తిరిగి పంపడానికి వాడుతున్నారు. మలాకీ రెండో అధ్యాయం కూడా అంతే. భార్యను విడిచిపెట్టడం నాకు అసహ్యం అని దేవుడన్నది చదువుతారు, అదే వచనంలో బలాత్కారం కూడా నాకు అసహ్యం అన్న భాగం దగ్గరికి వచ్చేసరికి బైబిల్ మూసేస్తారు. 1869 నాటి విడాకుల చట్టంలో క్రైస్తవ భార్యకు భర్త క్రూరత్వం ఒక్కటే విడాకులకు కారణంగా సరిపోయేది కాదు, దానితోపాటు వ్యభిచారం కూడా రుజువు చేయాల్సి వచ్చేది. 2001లో పార్లమెంటు ఆ చట్టం మార్చింది. 2005లో గృహహింస చట్టం వచ్చింది, ఇంట్లోంచి గెంటెయ్యకుండా కోర్టు ఉత్తర్వు తెచ్చుకోవచ్చు, 181కి ఫోన్ చేస్తే సాయం అందుతుంది. ఈ సంగతి మీ స్త్రీల కూడికలో ఎప్పుడైనా చెప్పారా? ప్రకటనల్లో ఉపవాస ప్రార్థన తేదీలు చెబుతారు, కన్వెన్షన్ చందా చెబుతారు, ఈ ఒక్క నంబరు చెప్పడానికి అర నిమిషం పట్టదు.

హాగరును తిరిగి యజమానురాలి దగ్గరికి పొమ్మని దూత చెప్పాడు కదా అని ఒక పెద్దాయన నాతో వాదించారు. నిజమే, ఆదికాండము 16లో అలాగే ఉంది, నేను దాన్ని దాటిపోను. అబ్రాహాము భార్య శారా పెట్టిన బాధకు తట్టుకోలేక కడుపుతో ఉన్న పనిమనిషి అరణ్యంలోకి పారిపోయింది, షూరు దారిలో నీటి ఊట దగ్గర దూత కనబడి తిరిగి వెళ్లమన్నాడు. ఆ మాట నాకు ఇప్పటికీ మింగుడుపడదు, పడిందని అబద్ధం చెప్పను. అయితే అదే అధ్యాయంలో ఇంకొకటి ఉంది. దేవునికి ఒక పేరు పెట్టిన మొదటి మనిషి అబ్రాహాము కాదు, ఈ ఐగుప్తు పనిమనిషే. "చూచుచున్న దేవుడవు నీవే" అంది. ఆ ఇంట్లో ఆమె పేరు పెట్టి పిలిచినవాళ్లే లేరు, శారాకు ఆమె నా దాసి, అబ్రాహాముకు నీ దాసి. దూత మాత్రం హాగరూ అని పిలిచి, ఎక్కడినుంచి వచ్చావు ఎక్కడికి పోతున్నావు అని అడిగాడు. ముందు అడిగాడు. మీరు ఆ తిరిగి వెళ్లు అన్న మాట పట్టుకున్నారు, ఆ అడగడం వదిలేశారు. తర్వాత 21వ అధ్యాయానికి వచ్చేసరికి రొట్టె, ఒక నీళ్ల తిత్తి ఇచ్చి ఆమెను, కొడుకును ఇంట్లోంచి పంపించేశారు. బెయేర్షెబా అరణ్యంలో తిరిగారు, నీళ్లు అయిపోయాయి, పిల్లాణ్ని పొద కింద పడుకోబెట్టి వాడి చావు చూడలేనని దూరంగా కూర్చుని ఏడ్చింది. అప్పుడు దేవుడు తిరిగి వెళ్లమనలేదు. నీళ్ల బావి చూపించాడు. ఆ అరణ్యంలోనే ఆ తల్లీకొడుకుల్ని బతికించాడు. ఒకసారి వెళ్లమన్నాడు కాబట్టి ఎప్పుడూ వెళ్లాల్సిందే అని చెప్పేముందు ఈ అధ్యాయం కూడా చదవండి.

ఇక మా ఇంటి సంగతి. ఇది రాయడానికి నాకు చాలా రోజులు పట్టింది.

మా నాన్నకు రెండెకరాల ముప్ఫై సెంట్లు. మా పెద్దన్న పదో తరగతితో ఆపేసి నాన్నతో పాటు పొలంలో దిగాడు. చిన్నన్న చదువుకున్నాడు, అరెకరం అమ్మి ఇంజనీరింగ్ చదివించారు. ఇప్పుడు అమెరికాలో ఉన్నాడు. నాన్నకు పెద్దన్న అంటే ప్రాణం, అమ్మకు చిన్నన్న. తండ్రి ఇస్సాకు పెద్దకొడుకు ఏశావును ప్రేమించాడు, తల్లి రిబ్కా చిన్నకొడుకు యాకోబును ప్రేమించింది అని ఆదికాండము 25లో చదివినప్పుడల్లా మా ఇంటి వసారా గుర్తొస్తుంది. అమ్మ చిన్నన్నకు ఫోన్లో చెప్పేది పెద్దన్నకు వినబడేది కాదు, నాన్న పెద్దన్నతో పొలం గట్టున అనుకున్నది అమ్మకు తెలిసేది కాదు. ఒకే ఇంట్లో రెండు ఇళ్లు. నాన్న వీలునామా రాయకుండా పోయారు. అంతే, ఆ అమ్మిన అరెకరం లేచి కూర్చుంది. నీ చదువుకు పోయింది కాబట్టి మిగతాది నాది అని పెద్దన్న, నేను పంపిన డబ్బుతోనే కదా ఇల్లు కట్టారు అని చిన్నన్న. పెద్దన్న ఒకరోజు తాగకుండానే, మామూలుగా కూర్చుని, "అందరికీ అన్నీ ఇచ్చారు, నాకేం మిగిల్చారే" అన్నాడు నాతో. అచ్చం ఏశావు తండ్రి ముందు ఏడ్చిన ఏడుపే అది, నీ దగ్గర ఒక్క దీవెనే ఉందా నాన్నా అని. ఏశావును మీరు పొట్టకూటికి జ్యేష్ఠత్వం అమ్ముకున్న భ్రష్టుడని ప్రసంగిస్తారు. ఆకలితో వచ్చిన అన్నకు కూడు పెట్టడానికి బేరం పెట్టిన తమ్ముడి గురించి, గుడ్డివాడైన మొగుణ్ని మోసం చేయడానికి కొడుకు చేతులకు మేకపిల్లల తోలు కట్టిన తల్లి గురించి అంత గట్టిగా చెప్పరు. దీవెన ఎవరికి వచ్చిందో వాళ్లు మంచివాళ్లు అయి ఉండాలి అని మనం అనుకుంటాం, బైబిల్ అలా అనుకోలేదు. కొన్నాళ్లు మీ మామయ్య దగ్గర ఉండి రా అని రిబ్కా కొడుకును పంపింది. ఆ కొన్నాళ్లు ఇరవై ఏళ్లయ్యాయి. ఆ తల్లీకొడుకులు మళ్లీ కలుసుకున్నట్టు ఎక్కడా రాయలేదు. మా అమ్మ కూడా చిన్నన్నను వీడియో కాల్‌లో చూస్తూనే పోయింది.

నాన్న పోయాక పంచాయితీ సంఘ పెద్దల ముందు పెట్టారు. అన్నదమ్ములిద్దరికీ చెరిసగం అని తేల్చారు. నేను అక్కడే బల్ల మీద కూర్చుని ఉన్నాను. నా పేరు ఎవరూ ఎత్తలేదు. క్రైస్తవులకు వర్తించేది 1925 నాటి భారత వారసత్వ చట్టం. వీలునామా లేకపోతే భార్యకు మూడోవంతు, మిగతాది కొడుకులకు కూతుళ్లకు సమానం. ఆ లెక్కన మిగిలిన ఎకరం ఎనభై సెంట్లలో అమ్మకు అరవై సెంట్లు, మా ముగ్గురికీ తలా నలభై. ఆ రోజు నాకు ఈ లెక్క తెలియదు. ఏదో ఉంటుందని మాత్రం తెలుసు, నెమ్మదిగా అడిగాను. ఒక పెద్దమనిషి, "కట్నం పుచ్చుకుని వెళ్లినదానివి, ఆడపడుచువి, అన్నదమ్ముల మధ్య నువ్వు కూడా దూరతావేంటమ్మా, ఊరుకో" అన్నారు. ఊరుకో. కాగితం తెచ్చారు, హక్కు వదులుకున్నట్టు సంతకం పెట్టాను.

కేరళలో మేరీ రాయ్ అనే క్రైస్తవ మహిళ తండ్రి ఆస్తిలో వాటా కోసం సుప్రీంకోర్టు దాకా వెళ్లి 1986లో గెలిచిందని నాకు చాలా తర్వాత తెలిసింది. అక్కడ 1916 నాటి తిరువాన్కూరు చట్టం అడ్డంగా ఉండేది, మనకు ఆ అడ్డు కూడా లేదు. ఆవిడ సంగతి తెలియకపోయినా సంఖ్యాకాండము 27 తెలుసు కదా మనకు? సెలోపెహాదు కూతుళ్లు అయిదుగురు, మహలా, నోయా, హొగ్లా, మిల్కా, తిర్సా. గుడారం గుమ్మం దగ్గర మోషే ముందు, యాజకుడి ముందు, పెద్దలందరి ముందు, సమాజమంతా చూస్తుండగా నిలబడి మా నాన్న భూమిలో మాకు వాటా ఇవ్వండి అని అడిగారు. మోషే ఊరుకోండమ్మా అనలేదు. వాళ్ల సంగతి దేవుని సన్నిధిలో పెట్టాడు. దేవుడు వాళ్లు చెప్పింది సరైనదే, ఇవ్వు అన్నాడు. వాళ్లకు అన్నదమ్ములు లేరు కాబట్టి అడిగారు, అది వేరే సంగతి అని మీరు అంటారని తెలుసు. అయితే యోబు చివరి అధ్యాయం చూడండి, కూతుళ్లకు వాళ్ల అన్నదమ్ములతో పాటు స్వాస్థ్యం ఇచ్చాడని ఉంది. నాకు ఇప్పుడు ఆ నలభై సెంట్లు అక్కర్లేదు. ఆ రోజు ఆ గదిలో బైబిల్ తెలిసిన మనుషులు తొమ్మిదిమంది ఉన్నారు, ఒక్కరికీ ఆ అయిదుగురు అమ్మాయిలు గుర్తుకు రాకపోవడం నన్ను ఇప్పటికీ కోస్తుంది. వాటాలు పంచమని ఒకాయన వచ్చి అడిగితే మీకు నన్ను పంచేవాడిగా ఎవరు పెట్టారు అని యేసుప్రభువే తప్పుకున్నాడు. ఆయన తప్పుకున్న చోట మీరు చట్టం పుస్తకం అయినా చూడకుండా కూర్చున్నారు.

ఆ తీర్పు కూడా నిలబడలేదు. ఎవరి గట్టు ఎక్కడ అని మళ్లీ గొడవ. ఆ డిసెంబరులో చిన్నన్న వచ్చాడు. క్రిస్మస్ ఆరాధనలో, సంఘమంతా చూస్తుండగా, ఇద్దర్నీ ముందుకు పిలిచి చేతులు కలిపించి కావిలించుకోమన్నారు. అందరూ చప్పట్లు కొట్టారు, ఫొటో తీశారు, ఆ ఫొటో వాట్సాప్ గ్రూపుల్లో యోసేపును అన్నలు కలుసుకున్నట్టు అని తిరిగింది. సంక్రాంతి లోపు లాయరు నోటీసు వచ్చింది. ఆ కావిలింతలో పెద్దన్న వెనక నిలబడి అతని ముఖం చూసినదాన్ని నేను. ఆ మనిషిని అడక్కుండా, మనసులో ఏముందో వినకుండా, పండుగరోజు పదిమందిలో నిలబెట్టి క్షమించేలా చేశారు.

యోసేపు అలా క్షమించాడా? మీరు ఎప్పుడూ ఆదికాండము 37వ అధ్యాయం చెప్పి, జైలు చెప్పి, ఒక్క గెంతులో 45కి వెళ్లి కావిలించుకోవడం చెబుతారు. మధ్యలో 42, 43, 44 ఉన్నాయి. యోసేపును 17 ఏళ్లప్పుడు అన్నలు అమ్మేశారు, అదీ ఇరవై తులాల వెండికి. మళ్లీ కనబడేసరికి దాదాపు 22 ఏళ్లు. కరువులో ధాన్యం కోసం ఐగుప్తుకు వచ్చి కాళ్లమీద పడ్డ అన్నల్ని చూసి గుర్తుపట్టి కూడా చెప్పలేదు. మూడు రోజులు కావలిలో పెట్టించాడు, అన్న షిమ్యోనును పట్టి ఉంచాడు, తమ్ముడు బెన్యామీనును తెమ్మన్నాడు. మధ్యమధ్య పక్కకు వెళ్లి ఏడ్చాడు, గదిలోకి వెళ్లి ఏడ్చి ముఖం కడుక్కుని వచ్చాడు. తర్వాత వెండి గిన్నె తమ్ముడి గోనెలో పెట్టించాడు. ఎందుకు? ఇంకో ముద్దుబిడ్డను వదిలేసి పోతారా, లేక మారారా అని చూడటానికి. అమ్మేద్దాం అని మొదట అన్న యూదాయే ఈసారి ముందుకొచ్చి, ఈ చిన్నవాడికి బదులు నన్ను దాసుడిగా ఉంచుకోండి, నాన్న దుఃఖం నేను చూడలేను అన్నాడు. ఆ మాట విన్నాకే యోసేపు ఇంక ఆపుకోలేక తానెవరో చెప్పాడు. నాన్నకు ముద్దుబిడ్డ వేరే ఉన్నాడని తెలిసి, ఆ బాధ ఇంకా ఉండి కూడా, ఆ బిడ్డ కోసం నిలబడటం, అక్కడ మారింది యూదా. మీరు మాకు ఎప్పుడూ యోసేపులా ఉండు అని చెబుతారు. యూదాలా మారు అని అవతలివాళ్లకు ఎప్పుడు చెప్పారు?

పోనీ అలా కలిసినా అంతటితో అయిపోయిందా? యాకోబు ఐగుప్తులో 17 ఏళ్లు బతికాడు. ఆయన పోగానే అన్నలు మళ్లీ భయపడ్డారు, ఇప్పుడు మనమీద పగ తీర్చుకుంటాడేమో అని. పదిహేడేళ్లు ఒకే చోట ఉండి, అతను పెట్టింది తిని, ఇంకా లోపల ఆ భయం. యోసేపు అది విని ఏడ్చాడు. ఆ ఏడుపు నాకు అర్థమవుతుంది. యాకోబు, ఏశావు కూడా చూడండి, పరుగెత్తుకొచ్చి మెడమీద పడి ముద్దుపెట్టుకుని ఇద్దరూ ఏడ్చారు, అది నిజమైన కలయికే. కానీ ఏశావు శేయీరుకు వెళ్లాడు, వెనకాలే వస్తానన్న యాకోబు సుక్కోతుకు వెళ్లాడు. వేరు వేరు ఊళ్లలో ఉన్నారు, తండ్రి చనిపోయినప్పుడు ఇద్దరూ వచ్చి పాతిపెట్టారు. ఇస్సాకు, హాగరు కొడుకు ఇష్మాయేలు కూడా అంతే, మక్పేలా గుహ దగ్గర అబ్రాహామును పాతిపెట్టేటప్పుడు ఇద్దరూ ఉన్నారు. దూరంగా ఉంటూనే పగ లేకుండా ఉండొచ్చని దేవుని వాక్యమే చూపిస్తుంటే, ఒకే బల్ల మీద కూర్చుంటేనే క్షమించినట్టు అని మీరు ఎందుకు పట్టుబడతారు? కొట్టిన మనిషితో, అల్లరిపెట్టిన మామతో ఒకే ఇంట్లో ఉండకపోతే ప్రభురాత్రి భోజనం తీసుకోకూడదని చెప్పిన కాపరులు ఉన్నారు.

పిల్లల విషయం మాత్రం బతిమాలి చెప్పను, గట్టిగానే చెబుతాను. పద్దెనిమిదేళ్ల లోపు పిల్లల మీద లైంగిక దాడి జరిగిందని తెలిస్తే, తెలిసిన మనిషి ఎవరైనా సరే పోలీసులకు చెప్పి తీరాలి. 2012 నాటి పోక్సో చట్టం 19వ సెక్షన్ అది. చెప్పకుండా దాచడం 21వ సెక్షన్ కింద నేరం, జైలు కూడా పడొచ్చు. కాపరికి మినహాయింపు లేదు, సండే స్కూల్ టీచరుకూ లేదు. బాబాయి కదా, మేనమామ కదా, కుటుంబం పరువు పోతుంది, పిల్ల పెళ్లి ఆగిపోతుంది, మన మధ్యే తేల్చుకుందాం అని మీ గదిలో కూర్చోబెట్టి మాట్లాడితే మీరు అబ్షాలోము పనీ దావీదు పనీ రెండూ చేసినట్టే. పిల్లల సహాయ నంబరు 1098కి ఫోన్ చేయండి. ఆ తర్వాత ఆ ఇంటికి వెళ్లి ఆ పిల్ల పక్కన కూర్చుని ప్రార్థన చేయండి, ఎంతసేపైనా.

ఇవన్నీ గుళ్లో చదివితే బయటివాళ్లు నవ్వుతారని ఒక భయం ఉంది. మత్తయి మొదటి అధ్యాయం క్రిస్మస్‌కు చదివేటప్పుడు ఆ పేర్లన్నీ బోర్ అని 18వ వచనం నుంచి మొదలుపెడతారు కదా. వదిలేసిన ఆ పేర్లలో మామ మోసం చేస్తే తన న్యాయం తాను తెచ్చుకున్న ఇంకో తామారు ఉంది, యూదా కోడలు. రాహాబు ఉంది. రూతు ఉంది. బత్షెబను పేరుతో కూడా రాయలేదు, ఊరియా భార్య అని రాశాడు, దావీదు ఎవరి భార్యను తీసుకున్నాడో ఎవరూ మర్చిపోకుండా. ప్రభువు పుట్టుక చెప్పడానికి కూర్చుని మత్తయి ఇంటి గుట్టు దాచలేదు. మార్కు మూడో అధ్యాయంలో యేసుప్రభువును సొంతవాళ్లే మతి చలించిందని పట్టుకోబోయారని ఉంది. దాచాలనుకుంటే ఇవి కొట్టేయడం ఎంతసేపు?

అందుకని నేను అడిగేది ఇది. ఈ ఏడాదిలో ఒక్క ఆదివారం, పెద్ద ఆరాధనలో, మగవాళ్లందరూ ఉన్నప్పుడు, 2 సమూయేలు 13 మొదటినుంచి చివరిదాకా చదవండి. ప్రసంగం చేయకపోయినా పర్వాలేదు, చదవండి. చదివాక, ఎవరైనా మాట్లాడాలనుకుంటే ఫలానా ఇద్దరు ఆడవాళ్లు ఉన్నారు, వాళ్లు వింటారు, విన్నది బయటపెట్టరు, అవసరమైతే స్టేషన్‌కు కూడా తోడు వస్తారు అని ప్రకటనల్లో చెప్పండి. ఇంటి పంచాయితీకి కూర్చునేటప్పుడు ఆ ఇంటి ఆడవాళ్లను కూడా కూర్చోబెట్టండి, ముందు వాళ్లనే అడగండి, ఎక్కడినుంచి వచ్చావు, ఎక్కడికి పోతున్నావు అని. ఆస్తి సంగతైతే చట్టం తెలిసిన మనిషిని పిలవండి. చేతులు కలిపించే తొందర మానుకోండి.

ఆ అమ్మాయి దగ్గరికి నేను మళ్లీ వెళ్లాను. వాళ్లమ్మను కూడా కూర్చోబెట్టి ముగ్గురం కలిసి ఆ అధ్యాయం చదివాం. అయిపోయాక ఆ పిల్ల, "టీచర్, వాళ్ల నాన్న ఆమెను చూడటానికి రాలేదా?" అని అడిగింది. రాలేదమ్మా అన్నాను. వాళ్లమ్మ చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత పిల్లను లోపలికి పంపి, ముప్ఫై ఏళ్లుగా ఎవరికీ చెప్పనిది నాతో చెప్పింది. అది ఆమెది, ఇక్కడ రాయను.

మీ సంఘాల్లో ఆ అధ్యాయం చదవడానికి మీకు నోరు రాకపోతే, వేరే ఎవరూ ముందుకు రాకపోతే, నాకు కబురు పెట్టండి. బస్సెక్కి వస్తాను, నేను చదువుతాను.

ఇట్లు,
ప్రభువులో మీ సహోదరి,
ఒక సండే స్కూల్ టీచరు